బొమ్మలు కదిలించే విద్య – 4వ పాఠం: ముషి వాళ్ల పొదుపు

పోయిన పాఠంలో ఒక్కో బొమ్మను మూడు ఫ్రేముల పాటు నిలపమన్నాను. మన లెక్కలో సెకనుకు 24 ఫ్రేములు. మీరు పంపిన వీడియోలు చూశాక, ఈసారి చెప్పాలనుకున్న నీటి అలల పాఠం పక్కన పెట్టేశాను. చాలామంది తెరమీద ఉన్న ప్రతిదాన్నీ మూడేసి ఫ్రేములకు కట్టేశారు. మనిషి, మేఘం, వెనక జరిగే వీధి అన్నీ ఒకే తాళానికి గెంతుతున్నాయి. చూస్తుంటే కళ్లు నొప్పెట్టాయి.

అసలు ఈ మూడేసి లెక్క ఎవరికి ఎందుకు అవసరమైందో తెలిస్తే ఆ పొరపాటు జరగదు. జపాన్ కామిక్స్ రచయిత ఒసాము తెజుకా 1961లో టోక్యోలో ముషి ప్రొడక్షన్ అనే యానిమేషన్ సంస్థ పెట్టాడు. 1963 జనవరి 1న ఫుజి టీవీలో ఆయన 'తెత్సువాన్ ఆతోము' మొదలైంది. మనకు ఆస్ట్రో బాయ్‌గా తెలిసిన కుర్రాడే. వారానికి ఒక అరగంట ఎపిసోడ్ చొప్పున 1966 డిసెంబర్ 31 దాకా 193 ఎపిసోడ్లు. ఇప్పుడు కాగితం మీద లెక్క వేయండి. ప్రకటనలు పోను 25 నిమిషాలు అనుకుంటే 36,000 ఫ్రేములు. రెండేసి అయితే 18,000 బొమ్మలు, మూడేసి అయితే 12,000. వారం వారం 12,000 బొమ్మలు గీయడం ఎవరి వల్ల అవుతుంది? అంటే వాళ్లను గట్టెక్కించింది మూడేసి లెక్క ఒక్కటే కాదు. మిగతా పని చేసింది బొమ్మను ఆపడం, జరపడం, దాచుకుని మళ్లీ వాడడం.

ఆపడం, ఒకే నడకను తిప్పి తిప్పి వాడడం మీకు తెలిసినవే, వదిలేస్తున్నాను. మాట్లాడే మనిషికి శరీరం ఒక లేయర్ (పొర), దాని మీద నోరు ఇంకో లేయర్. మూసిన నోరు, సగం తెరిచినది, పూర్తిగా తెరిచినది: మూడు నోళ్లు చాలు. ఒక్కో అక్షరానికీ పెదవులు సరిపోవాలని కొందరు పదకొండు నోళ్లు గీశారు. వద్దు. ఆ నోళ్లు ఊరికే తెరుచుకుని మూసుకుంటాయి కాబట్టే జపాన్ సీరియళ్లను తెలుగులోకి డబ్ చేసినా పెద్దగా తేడా కనిపించదు. కనురెప్పలకు నేనైతే సగం మూసిన బొమ్మ కూడా గీయను. తెరిచిన కన్ను, మూసిన కన్ను, అంతే. మీకు నచ్చకపోతే సగం గీసుకోండి.

దాచుకోవడం అంటే ఆతోము ఎగిరే బొమ్మల్ని ఒకసారి గీసి, భద్రపరిచి, వేరే ఆకాశం మీద మళ్లీ వాడడం. దీన్ని బ్యాంక్ అంటారు. ఆతోము జుట్టుకు ఉండే రెండు కొమ్ముల్ని గమనించారా? ఏ వైపు నుంచి చూసినా రెండూ కనిపిస్తాయి. అందుకే బొమ్మను అద్దంలోలా తిప్పేసినా పట్టుబడదు. మీ పాత్రకు ఒక భుజానికే సంచి తగిలించారా, ఈ సౌకర్యం పోయినట్టే.

ఇక నన్ను విసిగించిన విషయం. మనిషి నడుస్తుంటాడు, వెనక వీధి జరుగుతుంటుంది. వీధి సెకనుకు 240 పిక్సెళ్లు జరగాలనుకోండి. ఫ్రేముకు 10. దీన్ని మూడేసి చేస్తే వీధి 30 పిక్సెళ్లు ఒక్కసారిగా గెంతుతుంది. కాబట్టి వీధి ప్రతి ఫ్రేమూ జరగాలి. సగం మంది ఇక్కడిదాకా వచ్చారు, తర్వాత ఇంకో గోతిలో పడ్డారు. మనిషి మూడేసిలోనే ఉన్నాడు కదా. నేల మీద ఆనిన పాదం మూడు ఫ్రేములు తెరమీద కదలకుండా ఉంటుంది. కింద నేల మాత్రం 10, 20 అంటూ జారిపోతూనే ఉంటుంది. తర్వాతి బొమ్మలో పాదం ఒక్కసారిగా 30 వెనక్కి వస్తుంది. చూసేవాడికి మనిషి మంచు మీద నడుస్తున్నట్టు ఉంటుంది. దీనికి పాదం బొమ్మ బాగా గీయడం మందు కాదు. ఎంత బాగా గీసినా జారుతుంది. సాఫ్ట్‌వేర్‌లో బ్లర్ పెట్టడమూ మందు కాదు. ఆ పని చేసినవాళ్లు ఎవరో వాళ్లకే తెలుసు.

మందు ఏమిటంటే, పాదాలు చూపించకండి. నడుము పైభాగం మాత్రమే గీసి, తల కాస్త పైకీ కిందకీ ఊగితే చాలు, నడుస్తున్నాడని ఎవరైనా నమ్ముతారు. లేదా ముందువైపు ఒక గోడ, గడ్డి పెట్టి కాళ్లు కప్పేయండి. లేదా వీధిని ఆపేసి మనిషినే తెర దాటించండి. అప్పుడు ఆనిన పాదం ఆనినచోటే ఉంటుంది. పాదాలే ముఖ్యమైన షాట్ అయితే పొదుపు మానేసి ప్రతి ఫ్రేముకూ బొమ్మ గీయండి. మిగతాచోట మిగిల్చింది ఇలాంటి షాట్ కోసమే.

ముషిలో పొదుపును ఇంకా ముందుకు తీసుకెళ్లినవాళ్లూ ఉన్నారు. 1970లో 'అషితా నో జో' అనే బాక్సింగ్ సీరియల్ తీసిన ఒసాము దెజాకి, గుద్దు తగిలిన క్షణాన్ని ఆపేసేవాడు. 1973లో ఎయిచి యమమోతో తీసిన 'బెల్లడోన్నా'లో చాలాచోట్ల కదిలేది కెమెరానే. కుని ఫుకాయ్ వేసిన నీటిరంగుల బొమ్మల మీదుగా నెమ్మదిగా జరుగుతుంది. పిల్లలకు చూపించే సినిమా కాదు, ముందే చెబుతున్నాను. అది ఆడలేదు. అదే ఏడాది నవంబర్‌లో సంస్థ దివాలా తీసింది. తెజుకా 1971లోనే తప్పుకున్నాడు. మొదటి నుంచీ ఎపిసోడ్‌కు టీవీ ఇచ్చే డబ్బు ఖర్చుకు చాలేది కాదు, పాత్రల బొమ్మలు వాడుకునే హక్కులు అమ్మి పూడ్చుకోవాలన్నది లెక్క. మెయిజీ వాళ్ల మార్బుల్ చాక్లెట్‌లో ఆతోము స్టిక్కర్లు అలా వచ్చినవే. ముషి నుంచి బయటికొచ్చినవాళ్లు 1972లోనే మ్యాడ్‌హౌస్, సన్‌రైజ్ అనే యానిమేషన్ సంస్థలు పెట్టుకున్నారు. 1977లో అదే పేరుతో వచ్చిన ముషి వేరే సంస్థ.

అభ్యాసం: 20 సెకన్ల సీను, అంటే 480 ఫ్రేములు. ఒకరు నడుచుకుంటూ రావాలి, ఇంకొకరితో మాట్లాడాలి, ఒకచోటైనా వెనక దృశ్యం జరగాలి. నోళ్లు, రెప్పలతో సహా మొత్తం బొమ్మలు 30 దాటకూడదు, బ్యాక్‌గ్రౌండ్లు ఈ లెక్కలోకి రావు. ముందు టైమ్ షీట్ రాయండి, ఏ బొమ్మ ఏ ఫ్రేమ్ నుంచి ఏ ఫ్రేమ్ దాకా అని. షీట్ లేకుండా వచ్చిన వీడియో తెరవను. గడువు రెండు వారాలు.