ఎమిరేట్స్ డిఫెండర్ క్రీడా జీవితాన్ని తెలుగులో రాయడం ఎలా

పాలమూరు, నల్లగొండ ప్రాంతాల నుంచి దుబాయి, అబుదాబి, షార్జాలకు పనికి వెళ్లి వచ్చినవారు మనలో ఉన్నారు. అక్కడి క్లబ్బుల పేర్లు వారి ఇళ్లలో వినబడుతూనే ఉంటాయి. అయినా ఆ దేశపు, అంటే యునైటెడ్ అరబ్ ఎమిరేట్స్ (యూఏఈ) ఫుట్‌బాల్ ఆటగాడి గురించి తెలుగులో నాలుగు పేరాలు చదువుకుందామంటే దొరకడం అరుదు. దొరికిన కొద్దిపాటి రాతలు కూడా గోల్స్ కొట్టినవారి చుట్టూనే తిరుగుతాయి. ఆట నుంచి తప్పుకున్న ఒక ఎమిరేట్స్ డిఫెండర్ (వెనుక నిలబడి గోల్ పడకుండా కాచే ఆటగాడు) గురించి కళాశాల పత్రికకో, ఇంటర్నెట్‌లో పదిమంది చదివే చోటుకో రాయాలనుకునే వారి కోసం ఈ పద్ధతిని వివరిస్తున్నాను.

నేను హైస్కూలులో బ్యాక్, అంటే డిఫెండర్‌గా ఆడినవాణ్ని. మా దగ్గర పరుగు తక్కువ, ఒళ్లు ఎక్కువ ఉన్న పిల్లవాణ్ని వెనుక నిలబెట్టేవారు. గెలిచిన రోజు గోల్ కొట్టినవాడి పేరు, ఓడిన రోజు బ్యాక్ పేరు ఊళ్లోకి వచ్చేవి. చెరువు కట్ట తెగితే ఊరంతా మాట్లాడుకుంటుంది కానీ, అది తెగకుండా ఏళ్ల తరబడి తూము దగ్గర కావలి కాసిన నీరడి సంగతి ఎవరూ ఎత్తరు. డిఫెండర్ గురించి రాయడమంటే ఆ నీరడి గురించి రాయడం వంటిది కాబట్టి, స్ట్రైకర్ గురించి రాసే పద్ధతి ఇక్కడ పనికిరాదు.

పేరు ముందు సరిచూసుకోవాలి

అరబ్బీ పేరులో మొదటిది ఆ వ్యక్తి పేరు, రెండవది తండ్రి పేరు, మూడవది సాధారణంగా తాత పేరు, చివర 'అల్' అని మొదలయ్యేది కుటుంబం లేదా తెగ పేరు. మన ఇంటి పేరు ముందు వస్తుంది, వారిది చివర వస్తుంది. అంతే తేడా అనుకుంటే పొరపాటే. 1990 ప్రపంచ కప్‌కు వెళ్లిన యూఏఈ జట్టులో ఖలీల్ గానిం ముబారక్ ఒకరు, ముబారక్ గానిం ముబారక్ మరొకరు. 'ముబారక్' అని మాత్రమే రాస్తే ఎవరి గురించి రాశామో మనకే తెలియదు. అదే జట్టులో ఇబ్రహీం మీర్, ఈసా మీర్ అనే సోదరులు కూడా ఉన్నారు. అందువల్ల మొదటి ప్రస్తావనలో పూర్తి పేరు రాసి, ఆ తర్వాత ఏ భాగంతో పిలవబోతున్నామో నిర్ణయించుకుని, చివరిదాకా దానికే కట్టుబడి ఉండాలి.

ఉచ్చారణ విషయంలో మనకు ఒక సౌలభ్యం ఉంది. ఇంగ్లిషు అక్షరాలను చూసి తెలుగులోకి మార్చేవారు ఖాలిద్‌ను 'ఖలిద్' అని, ఇస్మాయిల్‌ను 'ఇస్మెయిల్' అని రాస్తుంటారు. మహబూబ్‌నగర్ బజారులో, నల్లగొండ గడియారం సెంటర్‌లో ఈ పేర్లు గల మనుషులు మనకు రోజూ ఎదురవుతారు. గులాం, గఫూర్ అని రాసే మనం గానిం అనే రాయవచ్చు. ఖాజా, ఖలీల్ అని రాసే చేత్తోనే ఖాలిద్ అని రాయవచ్చు. ఉర్దూ చదవగలిగిన మిత్రుడి చేతికి అరబ్బీ లిపిలో ఉన్న పేరు ఇస్తే, అర్థం తెలియకపోయినా, ఏది దీర్ఘమో ఏది ఒత్తో చాలావరకు చెప్పగలడు. అయితే ఆ లిపిలో హ్రస్వాచ్చులు సాధారణంగా రాయరు కాబట్టి ఒకే గోల్ కీపర్ ఒకచోట ముహ్సిన్ ముసబ్బహ్‌గా, మరోచోట మొహ్సిన్‌గా కనిపిస్తాడు. వారు ఇద్దరు మనుషులు కారు.

క్లబ్బు దగ్గర కాలు జారకుండా

నా మొదటి వ్యాసంలో దుబాయి అల్ నస్ర్‌లో ఆడిన ఒక ఆటగాణ్ని సౌదీ అరేబియాకు పంపించేశాను. రియాద్‌లోనూ అదే పేరుతో మరో క్లబ్బు ఉంది. రొనాల్డో చేరిన తర్వాత మన కుర్రాళ్లందరికీ ఆ ఒక్కటే తెలుసు. అల్ అహ్లి అనే పేరు జెద్దాలో, కైరోలో, దోహాలో ఉంది, 2017 వరకు దుబాయిలోనూ ఉండేది. క్లబ్బు పేరు రాసిన ప్రతిసారి దాని ఊరు కూడా రాయడమే దీనికి మందు: అబుదాబిలోని అల్ వహ్దా, అల్ జజీరా, దుబాయిలోని అల్ వస్ల్, అల్ నస్ర్, అల్ ఐన్ నగరానికి చెందిన అల్ ఐన్.

క్లబ్బులు కలిసిపోవడం ఇంకొక చిక్కు. దుబాయిలోని అల్ అహ్లి, అల్ షబాబ్, దుబాయి క్లబ్ అనే మూడూ 2017లో ఒకటై షబాబ్ అల్ అహ్లి అయ్యాయి. అంతకుముందే ఆట మానేసిన డిఫెండర్ షబాబ్ అల్ అహ్లికి ఆడాడని రాయకూడదు. అతను ఆడిన నాటి పేరే రాసి, ఇప్పటి పేరు పక్క వాక్యంలో చెప్పాలి.

సీజన్ విషయానికి వస్తే, ఎండల వల్ల అక్కడ లీగ్ వేసవిలో జరగదు. అది ఒక ఏడాది చివరి నెలల్లో మొదలై మరుసటి ఏడాదిలో ముగుస్తుంది కాబట్టి '2008' అని కాక '2008-09' అని రాయాలి. ఆ 2008-09 సీజన్‌తోనే అక్కడ ప్రొఫెషనల్ లీగ్ మొదలైంది. దానికి ముందు తరం ఆటగాళ్లు అమెచ్యూర్లు. హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు కథ విన్న మనకు, ఉద్యోగం చేసుకుంటూ పెద్ద ఫుట్‌బాల్ ఆడటం అంటే ఏమిటో వేరే చెప్పనక్కరలేదు.

అసలు పని: మ్యాచులను తవ్వడం

స్ట్రైకర్ గురించి రాసేవారికి ఎన్ని మ్యాచులు, ఎన్ని గోల్స్ అనే రెండు అంకెలు సగం వ్యాసాన్ని ఇచ్చేస్తాయి. డిఫెండర్‌కు గోల్స్ గడిలో చాలాసార్లు సున్నా ఉంటుంది. ఆ సున్నాను చూసి భయపడి 'దేశానికి విశేష సేవలందించారు' వంటి ఉత్త మాటలతో పేజీ నింపడం మనవాళ్లు తరచుగా చేసే తప్పు. దానికి బదులు ఒక నోటుపుస్తకం తీసుకుని, అతను ఆడిన ముఖ్యమైన మ్యాచ్ ఒక్కొక్కదానికి తేదీ, ఎదురు జట్టు, అతను నిలబడిన స్థానం, మైదానంలో ఉన్న నిమిషాలు, అతను ఉన్నంతసేపు తన జట్టుపై పడిన గోల్స్ రాసుకోవాలి. చివరి గడి ముఖ్యం. డెబ్బయ్యో నిమిషంలో బయటికి వచ్చిన మనిషి మీద ఎనభయ్యో నిమిషపు గోల్‌ను వేయడం అన్యాయం.

ఈ పట్టిక ఎంత మార్పు తెస్తుందో 1996 ఆసియా కప్ చూపిస్తుంది. సొంతగడ్డపై ఆడిన యూఏఈ గ్రూపులో దక్షిణ కొరియాతో 1-1గా డ్రా చేసుకుని, కువైట్‌పై 3-2తో, ఇండోనేషియాపై 2-0తో గెలిచింది. అంటే మూడు మ్యాచుల్లో మూడు గోల్స్ ఇచ్చింది. ఆ తర్వాత క్వార్టర్ ఫైనల్లో ఇరాక్‌పై అదనపు సమయంలో గోల్డెన్ గోల్‌తో (మొదటి గోల్ పడగానే ఆట ముగిసే అప్పటి పద్ధతి) 1-0, సెమీస్‌లో కువైట్‌పై 1-0. డిసెంబరు 21న అబుదాబి జాయెద్ స్పోర్ట్స్ సిటీలో జరిగిన ఫైనల్లో సౌదీ అరేబియాతో 120 నిమిషాలు 0-0. పెనాల్టీల్లో 4-2తో ఓడిపోయారు. రికార్డు పుస్తకంలో 'రన్నరప్' అనే ఒక్క మాట ఉంటుంది. నాకౌట్ మూడు మ్యాచుల్లో, వాటిలో రెండు అదనపు సమయానికి వెళ్లినా, ఆ వెనుక వరుస ఒక్క గోల్ కూడా ఇవ్వలేదన్న సంగతి మనం లెక్క వేస్తే తప్ప బయటపడదు. మీరు ఎంచుకున్న డిఫెండర్ ఆ రోజుల్లో ఆ వరుసలో ఉండి ఉంటే, వ్యాసాన్ని అక్కడి నుంచే మొదలుపెట్టండి. పుట్టిన తేదీ రెండో పేరాలోకి వెళ్లినా నష్టం లేదు.

1990 ప్రపంచ కప్ దీనికి తిరగబడిన ఉదాహరణ. ఇటలీలో కార్లోస్ అల్బెర్టో పరేరా శిక్షణలో ఆడిన యూఏఈ, కొలంబియాతో 0-2, పశ్చిమ జర్మనీతో 1-5, యుగోస్లావియాతో 1-4 తేడాతో ఓడింది. మూడు మ్యాచుల్లో పదకొండు గోల్స్. ఈ అంకెను ఒంటరిగా రాస్తే చదివేవారు ఆ డిఫెండర్లను చేతగానివారని అనుకుంటారు. ఎదురుగా నిలిచింది ఎవరో కూడా రాయాలి: పశ్చిమ జర్మనీ ఆ కప్పు గెలిచింది, యుగోస్లావియా క్వార్టర్ ఫైనల్ దాకా వెళ్లింది, కొలంబియా రెండో రౌండుకు చేరింది. గ్రూపులోని మిగతా మూడు జట్లూ ముందుకు వెళ్లాయన్నమాట. పైగా కొలంబియాతో మ్యాచ్‌లో విరామం వరకు స్కోరు 0-0. ఆ నలభై అయిదు నిమిషాలకు వ్యాసంలో ఒక వాక్యమైనా దక్కాలి.

అయితే అభిమానం కొద్దీ అంతా డిఫెండర్ ఖాతాలో వేయడమూ సరికాదు. గోల్ పడకపోవడంలో కీపర్ వాటా ఉంటుంది. ముందు వరుస బంతిని ఎంతసేపు తన దగ్గర ఉంచుకుందన్నదీ ఉంటుంది. 2015 ఆసియా కప్ క్వార్టర్ ఫైనల్లో అలీ మబ్‌ఖూత్ ఏడో నిమిషంలో గోల్ చేసిన తర్వాత, జపాన్ 81వ నిమిషంలో స్కోరు సమం చేసేవరకు యూఏఈ ఆ ఆధిక్యాన్ని కాపాడుకుంది. చివరికి పెనాల్టీల్లో 5-4తో గెలిచింది. అలాంటి మ్యాచ్ వీడియో దొరికితే బంతిని కాక, మీ ఆటగాణ్నే చూస్తూ ఒక్కసారి పూర్తిగా నడపండి. బంతి అవతల ఉన్నప్పుడు అతను ఎక్కడ నిలబడ్డాడు, పక్కవాడు ముందుకు వెళ్తే ఖాళీని ఎవరు మూశారు అన్నవి అప్పుడే కనిపిస్తాయి. ఇది విసుగు పుట్టించే పని. వ్యాసంలో చదవదగ్గ వాక్యాలు మాత్రం ఇక్కడి నుంచే వస్తాయి.

ఆట నిబంధనలు మారిన సంగతి కూడా గుర్తుంచుకోవాలి. 1992కు ముందు డిఫెండర్ ఒత్తిడిలో ఉంటే బంతిని కాలితో వెనక్కి నెట్టేవాడు, కీపర్ చేతులతో పట్టుకునేవాడు. ఆ ఏడాది నుంచి కావాలని కాలితో ఇచ్చిన పాస్‌ను కీపర్ చేత్తో తాకకూడదన్న నిబంధన వచ్చింది. ఎనభైల్లో ఆట నేర్చుకుని తొంభైల మధ్య వరకు ఆడిన మనిషి, ముప్పయ్యేళ్లకు చేరువవుతున్న వయసులో తన అలవాటును మార్చుకోవలసి వచ్చింది. అతని ఆట ఈ మార్పుకు ముందు, తర్వాత ఎలా ఉందో పోల్చి రాస్తే అది అంకెలన్నింటికన్నా విలువైన పేరా అవుతుంది.

మన పాఠకుడికి పట్టు దొరికే చోటు

భారత జట్టుతో అతను ఆడాడేమో తప్పక చూడండి. 1984 ఆసియా కప్‌లో యూఏఈ మనపై 2-0తో గెలిచింది. 2019 జనవరి 10న అబుదాబిలో మళ్లీ 2-0. ఆ రోజు మన జట్టు కొట్టిన బంతి క్రాస్‌బార్‌కు తగిలిన సంగతి చూసినవారెవరూ మరిచిపోరు, కాబట్టి ఆ 'సున్నా'లో అదృష్టం పాలు కొంత ఉందని రాయడం నిజాయితీ. 2011 జులైలో ప్రపంచ కప్ అర్హత పోటీలో అల్ ఐన్‌లో 3-0, ఢిల్లీలో 2-2. అల్ ఐన్ మ్యాచ్‌లో మనవాళ్లు ఇద్దరు మొదటి సగంలోనే రెడ్ కార్డు అందుకుని బయటికి వెళ్లారు. తొమ్మిది మందితో ఆడిన జట్టుపై గోల్ ఇవ్వకపోవడాన్ని, పదకొండు మంది జపాన్‌ను ఆపడాన్ని ఒకే తూకంలో వేయరాదు.

ఆ తరం ఆటగాళ్లలో సెంటర్ బ్యాక్ (వెనుక వరుస మధ్యలో ఆడే డిఫెండర్) హమ్దాన్ అల్ కమాలీ అల్ వహ్దా నుంచి 2012లో ఫ్రాన్సుకు చెందిన లియోన్‌కు అరువుపై వెళ్లారు. ఇలాంటి బదిలీ కనిపించినప్పుడు 'యూరప్‌లో ఆడారు' అని గంభీరంగా రాసే ముందు, ప్రధాన జట్టుకా, రిజర్వ్ జట్టుకా అన్నది తేల్చుకోవాలి. మన భాషలో 'చేరారు', 'ఆడారు' అనే రెండు మాటలున్నాయి; ఏది రుజువైతే అదే వాడాలి.

విరమణ, భాష

విరమణకు అరబ్బీలో 'ఇతిజాల్' అంటారు. జాతీయ జట్టు నుంచి తప్పుకోవడం, క్లబ్ ఆట మానడం వేర్వేరు సంవత్సరాల్లో జరగవచ్చు. గల్ఫ్ దేశాల్లో పేరున్న ఆటగాళ్లకు వీడ్కోలు మ్యాచ్ ఏర్పాటు చేసే ఆనవాయితీ ఉంది. అది చివరి పోటీ మ్యాచ్ జరిగిన చాలాకాలానికి జరిగినా ఆశ్చర్యం లేదు. వీడ్కోలు మ్యాచ్ తేదీని విరమణ తేదీగా రాస్తే, అతని క్రీడా జీవితం ఉత్తపుణ్యానికి పొడవవుతుంది.

భాషలో రెండే జాగ్రత్తలు. ఆట పేజీల్లో 'ఆడాడు' అని రాయడం మామూలే కానీ, ఆట మానిన పెద్దమనిషికి 'ఆడారు' అంటే మన మర్యాదకు నప్పుతుంది. ఏదైనా ఒకటే ఉంచండి. 'ఉక్కుగోడ', 'కంచుకోట' వంటి మాటలు రాయాలనిపించిన ప్రతిచోటా వాటిని కొట్టివేసి, ఏ మ్యాచ్‌లో ఎవరిని ఎలా ఆపారో రాయండి. రాయడానికి అక్కడ ఏమీ దొరకకపోతే ఆ వాక్యమే అక్కరలేదు.

చిత్తుప్రతి పూర్తయ్యాక దాన్ని పట్టుకుని నల్లగొండ మేకల అభినవ్ స్టేడియానికో, మీ ఊరి బడి మైదానానికో సాయంత్రం పూట వెళ్లి, ఒకప్పుడు బ్యాక్ ఆడిన మనిషి ఎవరైనా ఉంటే పక్కన కూర్చుని చదివి వినిపించండి. ఆయన మధ్యలో ఆపి 'అప్పుడు ఈయన ఎక్కడ నిలబడ్డాడు?' అని అడిగిన ప్రతిచోటా పెన్సిల్‌తో గీత పెట్టుకుని, ఇంటికి వచ్చి ఆ మ్యాచ్‌ను మళ్లీ తెరవండి.