విశాఖ కథ కోసం ‘కాలదెబ్బ’ను తయారుచేయడం ఎలా?

కాలాన్ని మార్చే యంత్రం వల్ల వచ్చే ‘కాలదెబ్బ’ అనే జబ్బు మీద కథ రాయాలనుకోగానే చాలామంది లక్షణాలతో మొదలుపెడతారు. జ్ఞాపకాలు చెదిరిపోవడం, రాత్రికి రాత్రే జుట్టు నెరిసిపోవడం. కథ చెడేది అక్కడే. ముందు యంత్రం, తర్వాత మోతాదు, ఆ తర్వాతే రోగం. లెక్క సరిగ్గా పడితే లక్షణాలు వాటంతటవే పుట్టుకొస్తాయి.

యంత్రం చిన్నదైతే మేలు. మల్కాపురం వైపు ఓడలు బాగుచేసే ఒక ఊహాయార్డులో, రేకుల షెడ్డులో ఒక గది అనుకోండి. లోపల కాలం నాలుగింతల వేగంతో నడుస్తుంది. వెల్డర్ పొద్దున 8కి లోపలికెళ్లి ఎనిమిది గంటల షిఫ్టు ముగించి వచ్చేసరికి బయట 10 అవుతుంది. అతని ఒంటికి మాత్రం సాయంత్రం 4. ఈ ఆరు గంటల తేడాయే మోతాదు.

దీన్ని రెండు పద్దుల్లో రాసుకోవాలి. మొదటిది ఒంటి గడియారం పద్దు, అంటే ఒంటికి నిద్రా మెలకువల వేళల లెక్క. బయటి వెలుతురు ఆ గడియారాన్ని ఏమీ సర్దలేదనుకుంటే నాలుగు షిఫ్టులకు తేడా 24 గంటలకు చేరి మళ్లీ సున్నా అవుతుంది. అంటే మూడు రోజులు నిద్రలేక వేలాడిన మనిషి నాలుగో రోజు హాయిగా పడుకుంటాడు. జబ్బు తగ్గిందని సూపర్‌వైజర్ మళ్లీ పంపిస్తాడు. కథకు ఇంతకన్నా మంచి మలుపు దొరకదు. రెండో పద్దు మొత్తం వయసుది, అది ఎప్పటికీ సున్నాకు రాదు. నెలకు 26 షిఫ్టులంటే 156 గంటలు, ఆరున్నర రోజులు. నెలకోసారి క్రాఫు చేయించుకునే మనిషి 25వ రోజుకే సెలూన్‌లో కూర్చుంటాడు. నెరిసిన జుట్టు కన్నా ఈ ఆధారాన్నే పాఠకుడు నమ్ముతాడు.

ఇక తొలి రోగి ఎవరు? లోపలివాడు కాదు, కిటికీ దగ్గర కాపలా ఉన్నవాడు. లోపలి కాలం నాలుగింతల వేగం కాబట్టి, గది నుంచి బయటికొచ్చే వెలుతురు తరంగదైర్ఘ్యం నాలుగో వంతుకు తగ్గుతుంది. లోపల హాలోజెన్ దీపం వెదజల్లే 1,200 నానోమీటర్ల పరారుణం వేడి తప్ప ఇంకే హానీ చేయదు. అదే బయటికి 300 నానోమీటర్ల అతినీలలోహితంగా వస్తుంది. అద్దాలు లేకుండా వెల్డింగ్ మంట చూసినవాళ్లకు వచ్చే బాధే ఇతనికీ వస్తుంది, అదీ ఆరు నుంచి పన్నెండు గంటలు ఆలస్యంగా. అర్ధరాత్రి లేచి “కళ్లలో ఇసక పోసినట్టుందే” అని భార్యతో అంటాడు. తెల్లారి పెదవాల్తేరు కంటి ఆసుపత్రిలో ఓపీ చీటీ రాయించుకుంటాడు. “వెల్డింగ్ చేశావా?” అని అడుగుతారు. “లేదు డాక్టరుబాబూ, కుర్చీలో కూకున్నాను” అంటాడు. రోగం చిక్కుముడి ఇక్కడ బిగించండి. కారణం చౌకదిగా ఉండాలి: గది హద్దుకు బయటివైపు ఒక మామూలు అద్దం బిగిస్తే 300 నానోమీటర్ల కిరణాలు చాలావరకు ఆగిపోయేవి. కాంట్రాక్టరు లోపలివైపు అద్దంతో సరిపెట్టాడు. లోపల ఆ కిరణాలు ఇంకా పరారుణమే, గాజు వాటిని వదిలేస్తుంది.

వెల్డర్ సంగతికొస్తే, పరీక్షకు థర్మామీటరు చాలు. ఒంటి వేడి మామూలుగా తెల్లవారుజామున 4, 5 గంటల మధ్య బాగా తగ్గుతుంది. ఒక్క షిఫ్టు చేసినవాడికి అది రాత్రి 10, 11 మధ్యే తగ్గుతుంది. గంటగంటకూ రాసిన ఉష్ణోగ్రతల కాగితాన్ని కథలో యథాతథంగా చూపించవచ్చు, పెద్ద యంత్రాలేవీ అక్కర్లేదు.

వైద్యం దగ్గర దాదాపు అందరూ చేసే పొరపాటొకటుంది. రోగిని సూర్యోదయానికి ఆర్కే బీచ్‌కు పంపుతారు. దృశ్యం బాగుంటుంది, సముద్రంలోంచి పొద్దు లేస్తుంది, రోగికి మాత్రం ఉపయోగం తక్కువ. ఆ వేళ అతని ఒంటికి మధ్యాహ్నం, అప్పటి వెలుతురుకు ఒంటి గడియారం పెద్దగా కదలదు. దాన్ని వెనక్కి జరపాలంటే వేడి అడుగుకు దిగే వేళకు ముందు రెండు మూడు గంటలు గట్టి వెలుతురు పడాలి, దిగాక చీకటి కావాలి. కాబట్టి రాత్రి 7 నుంచి 10 దాకా దీపం ముందు కూర్చోబెట్టి, తర్వాత గది చీకటి చేయాలి. ఆ వేళను రోజుకో గంట ఆలస్యం చేస్తూ పోవాలి. గడియారాన్ని వెనక్కి జరపడం కొంత తేలికే, ఎందుకంటే మన ఒంటి గడియారం సహజంగానే కాస్త నెమ్మది. 1999లో హార్వర్డ్ పరిశోధకులు కొలిచిన సగటు 24 గంటల 11 నిమిషాలు. ఆరు గంటల తేడా సర్దుకోవడానికి నాలుగు నుంచి ఆరు రోజులు పెట్టండి. ఆ రోజుల్లో గదిలోకి ప్రవేశం ఉండకూడదు.

యార్డు గోడకు పరిమితుల పట్టిక కూడా తగిలించండి. నేవీ ఉన్న ఊళ్లో దీనికి నమూనా వెతుక్కోనక్కర్లేదు. నీటి అడుగు నుంచి మెట్లు మెట్లుగా పైకి రావాలని బ్రిటిష్ శాస్త్రవేత్త హాల్డేన్ బృందం 1908లో ప్రచురించిన డైవర్ల పట్టిక ఉండనే ఉంది. కథలో ఆ పట్టికను ఎవరో ఒకరు దాటాలి, ఎందుకు దాటారో జీతం చెప్పాలి. హాజరు పుస్తకంలో రెండు గంటలే పడితే కూలీ రెండు గంటలకా, ఎనిమిది గంటలకా?

షుగర్ ఉన్న పాత్ర ఒకటి ఉంటే ఇంకా మంచిది. పొద్దున 8కి మాత్ర వేసుకుంటే రాత్రి 8కి వేసుకోవాల్సింది ఒంటి లెక్కన మధ్యాహ్నం 2కే వచ్చేస్తుంది. అలా వేసుకుంటూ పోతే నెలకిచ్చిన అరవై మాత్రలు 25వ రోజుకు అయిపోతాయి. మందుల కౌంటర్లో చీటీ చూసి, “ఇంకా తేదీ రాలేదు కదయ్యా” అంటారు.