స్లో కుక్కర్ పాఠాలు – 4: పాట్ రోస్ట్‌లో కూరగాయలు

ఈ పాఠం పాట్ రోస్ట్‌లో, అంటే పెద్ద బీఫ్ ముక్కను కొద్ది నీళ్లతో, కరెంటుతో నెమ్మదిగా వండే స్లో కుక్కర్‌లో గంటలకొద్దీ ఉడికించే వంటలో, వేసే కూరగాయల గురించి. కానీ గత పాఠం తర్వాత వచ్చిన ప్రశ్నల్లో సగానికి పైగా ఒకే ఫిర్యాదు: “మాంసం నమలలేకపోయాం, ఎక్కువ ఉడికిపోయినట్టుంది, ఈసారి ఎంత తగ్గించాలి?” దీని సంగతి తేల్చకుండా క్యారెట్ దగ్గరికి వెళ్లి లాభం లేదు.

తగ్గించకండి, పెంచండి. పాట్ రోస్ట్‌లో ముక్క గట్టిగా ఉందంటే ఇంకా ఉడకలేదని అర్థం. మనం వాడే చక్ రోస్ట్ పశువు భుజం దగ్గరి కండ. రోజంతా నడిచే భాగం కాబట్టి కండల మధ్య తెల్లటి పొరలు, ఈనెలు ఎక్కువ. వాటిలో ఉండేది కొలాజెన్. అది కరిగితే జిగురవుతుంది. కాళ్ల సూప్ చల్లారాక గడ్డకట్టించేది ఆ జిగురే. కరగడానికి వేడి ఒక్కటే చాలదు, గంటలు కావాలి. ముక్క లోపలి వేడి 140 డిగ్రీల ఫారెన్‌హీట్ దాటాక కండ బిగుసుకుని తనలోని నీటిని బయటికి పిండేస్తుంది. 160 దాటాక గాని కొలాజెన్ చెప్పుకోదగ్గంతగా కరగదు. ఈ రెండింటి మధ్య, ఆ తర్వాత కూడా చాలాసేపు, ముక్క బిగిసే ఉంటుంది: నీరు పోయింది, జిగురు ఇంకా రాలేదు. 195 నుంచి 205 మధ్యకు చేరి అక్కడ కాసేపు నిలిచాక ఫోర్క్ గుచ్చి తిప్పితే పీచు విడిపోతుంది.

మూడు పౌండ్ల ముక్కను లో (తక్కువ వేడి) మీద పెట్టి ఐదు గంటలకు దించినవాళ్లు సరిగ్గా ఆ బిగుసుకున్న దశలో దించారు. థర్మామీటర్ 145 చూపించగానే దించినవాళ్లదీ అదే కథ. అమెరికా వ్యవసాయ శాఖ పట్టికలో బీఫ్ రోస్ట్‌కి 145 డిగ్రీలు, మూడు నిమిషాల విరామం అని ఉన్న మాట నిజమే. అది తింటే జబ్బు చేయకుండా ఉండటానికి చెప్పిన లెక్క, మెత్తబడటానికి కాదు. “స్టేక్ 160 దాటితే పాడవుతుంది కదా, 200 అంటే ఎలా?” అని అడిగినవాళ్లకు: స్టేక్ వేరే చోటి ముక్క, అందులో కరగాల్సిన ఈనెలు తక్కువ. ఆ నియమం దీనికి వర్తించదు. ఎనిమిది గంటలకు ఫోర్క్ తిరగకపోతే ఇంకో గంట ఉంచండి. అప్పటికీ తిరగకపోతే మరో గంట. మూడు పౌండ్ల ముక్కకు లో మీద 8 నుంచి 10 గంటలు, హై మీద 5 నుంచి 6 గంటలు మామూలే.

ఒక్క మినహాయింపు ఉంది. ప్యాకెట్ మీద ఐ ఆఫ్ రౌండ్ అనో బాటమ్ రౌండ్ అనో రాసి ఉంటే అది వెనక తొడ భాగం. కొవ్వు తక్కువ, ఈనెలు తక్కువ. పది గంటలు ఉంచినా ముక్కలుగా విరుగుతుందే తప్ప నోట్లో పొడిపొడిగానే ఉంటుంది. పౌండుకు కొంచెం తక్కువ పడుతుందని అది కొనకండి. రంప్ రోస్ట్ కూడా వెనక భాగమే, పర్వాలేదనిపిస్తుంది, అంతే.

ఇక మూత. ప్రెషర్ కుక్కర్ మూత ఎవరూ మధ్యలో తీయరు, తీయలేరు కూడా. అదే మనిషి స్లో కుక్కర్ మూత గంటకోసారి తీసి గరిట పెట్టి కలుపుతారు. అడుగంటుతుందని భయం. దీని అడుగున మంట లేదు. చాలా వాటిలో కాయిల్ గిన్నె చుట్టూ పక్కల నుంచి ఉంటుంది, వేడి నెమ్మదిగా వస్తుంది, నీళ్లున్నంతసేపూ అడుగంటదు. మూత తీసిన ప్రతిసారీ లోపలి ఆవిరి పోయి, మళ్లీ ఆ వేడి రావడానికి 20 నుంచి 30 నిమిషాలు పడుతుంది. ఆరుసార్లు తీశారంటే రెండు మూడు గంటలు కోల్పోయారు, తర్వాత “ఎనిమిది గంటలు పెట్టినా ఉడకలేదు” అంటారు. లోపల చూడాలనిపిస్తే గాజు మూత మీద వేలితో తట్టండి, నీటి బొట్లు రాలి కాసేపు కనిపిస్తుంది. హైలో పెడితే మాడుతుందని లోలోనే ఉంచేవాళ్లకు ఇంకో మాట: ఎక్కువ కుక్కర్లలో లో, హై రెండూ చివరికి చేరేది దాదాపు ఒకే వేడికి, మరిగే స్థాయికి కాస్త కింద. తేడా అక్కడికి ఎంత త్వరగా చేరుతుందన్నదే. వార్మ్ మీద మాత్రం ఏదీ వండకండి. అది వండినదాన్ని వేడిగా ఉంచడానికి.

గడ్డకట్టిన మాంసాన్ని నేరుగా వేసినవాళ్లు ఇద్దరు ముగ్గురున్నారు. వేయకూడదు. 40 నుంచి 140 డిగ్రీల మధ్య సూక్ష్మజీవులు పెరుగుతాయి. గడ్డ కరిగేలోపు ముక్క ఆ మధ్యలోనే గంటలకొద్దీ ఉండిపోతుంది. ముందురోజే ఫ్రీజర్ నుంచి ఫ్రిజ్‌లోకి మార్చుకోండి.

“కుక్కర్ నిండా నీళ్లు” అన్న ఫిర్యాదుకి జవాబు చిన్నది. ముక్క మునిగేదాకా నీళ్లు పోయడం కూర అలవాటు. ఇందులో ఆవిరి బయటికి పోదు, పైగా మాంసమే నీరు వదులుతుంది. మూడు పౌండ్లకు ఒక కప్పు, అంటే 240 మి.లీ., చాలు.

సరే, కూరగాయలు. మూడు పౌండ్ల చక్ రోస్ట్‌కి ఆరు క్వార్ట్ల (సుమారు 5.7 లీటర్ల) కుక్కర్‌లో ఒకటిన్నర పౌండ్ల బంగాళాదుంపలు, ఒక పౌండు క్యారెట్లు, రెండు పెద్ద ఉల్లిపాయలు, ఆరు వెల్లుల్లి రెబ్బలు. సెలెరీ రెండు కాడలు వేయడం ఆనవాయితీ. వేయకపోయినా ఏమీ లోటుండదు. గిన్నె సగానికి పైన, మూడింట రెండు వంతులకు లోపల నిండాలి. అంతకు మించితే కూరగాయలు తగ్గించండి, మాంసం కాదు.

పేర్చే తీరు ముఖ్యం. చాలామంది మాంసం అడుగున వేసి కూరగాయలు పైన పోస్తారు, మాంసానికి ఎక్కువ వేడి కావాలి కదా అని. స్లో కుక్కర్‌లో అది తలకిందులు. అందులో మాంసం కంటే దుంపలు, క్యారెట్లే ఆలస్యంగా ఉడుకుతాయి. క్యారెట్‌లో ముక్కను పట్టి ఉంచేది పెక్టిన్. అది సుమారు 183 డిగ్రీల దాకా సడలదు. అంతకంటే చిక్కు ఇంకోటుంది: 130–140 డిగ్రీల దగ్గర ఎక్కువసేపు ఉంటే క్యారెట్లోనే ఉన్న ఒక ఎంజైమ్ ఆ పెక్టిన్‌ను ఇంకా గట్టిపరుస్తుంది, తర్వాత ఎంత వేడి ఇచ్చినా పూర్తిగా మెత్తబడదు. మాంసం పైన, ఆవిరిలో వేలాడే క్యారెట్ గంటలకొద్దీ ఆ గోరువెచ్చటి మధ్యలోనే ఉంటుంది. తొమ్మిది గంటల తర్వాత కూడా కరకరలాడిందని రాసినవాళ్ల గిన్నెలో జరిగింది ఇదే. అందుకే ముందు ఉల్లిపాయ మందపాటి చక్రాలు అడుగున పరచండి. వాటి మీద దుంపలు, క్యారెట్లు, వీలైనన్ని గిన్నె గోడకు ఆనుకునేలా. వేడి ముందు చేరేది అక్కడికే. మధ్యలో పైన మాంసం. పోసే కప్పు నీళ్లో స్టాకో మరిగించి పోస్తే ఆ ప్రమాదపు మధ్యకాలం ఇంకొంచెం తగ్గుతుంది.

ముక్కల సైజు: క్యారెట్ రెండంగుళాలు, మందంగా ఉంటే నిలువుగా చీల్చి. సంచిలో వచ్చే బేబీ క్యారెట్లు త్వరగా మెత్తబడి చప్పబడతాయి, వాడకపోవడమే మేలు. దుంప అంగుళంన్నర. రసెట్ దుంప వద్దు, పిండిలా విడిపోతుంది. యూకన్ గోల్డ్ గాని ఎర్ర తొక్కువి గాని నిలబడతాయి. చిలగడదుంప వేయాలంటే పెద్ద ముక్కలుగా చివరి మూడు గంటలకు. ఇలా చివర్లో కూరగాయలు చేర్చడానికి, ఫోర్క్ గుచ్చి చూడటానికి తప్ప మూత తీయకండి. బఠాణీలు చివరి ఇరవై నిమిషాలకు. టమాటాలు, చింతపండు, వెనిగర్ మొదట్లో వేస్తే పులుపుకి దుంప, క్యారెట్ మెత్తబడటం ఆలస్యమవుతుంది. పులుపు కావాలంటే చివర్లో చేర్చండి. ఒక చెంచా టమాటా పేస్ట్‌తో ఏం కాదు.

రాజ్మా వేయొచ్చా అని అడిగారు. పచ్చి రాజ్మాను, నానబెట్టినా సరే, నేరుగా స్లో కుక్కర్‌లో ఎప్పుడూ వేయకండి. అందులోని లెక్టిన్ అనే విషపదార్థం మరిగే వేడికే నశిస్తుంది, స్లో కుక్కర్ వేడికి కాదు. వేరే గిన్నెలో కొత్త నీళ్లు పోసి అరగంట తెర్లించాకే వేయాలి, లేదా డబ్బాలో ఉడికించి వచ్చేవి వాడాలి.

ఉప్పు మామూలు పొడి ఉప్పు రెండు టీస్పూన్లు, మాంసానికి ముందుగా పట్టించి. ఉల్లిపాయ సూప్ పొడి ప్యాకెట్ వాడే అమెరికన్ దగ్గరిదారి మంచిదే, కానీ అప్పుడు విడిగా ఉప్పు వేయొద్దు, ఆ ప్యాకెట్‌లోనే కావలసినంత ఉంటుంది. వూస్టర్‌షైర్ సాస్ బదులు ఒక టేబుల్ స్పూన్ సోయా సాస్ వేస్తే సరిపోతుంది, చాలాసార్లు అదే బాగుంటుంది. మిరియాలు ఒక టీస్పూన్, థైమ్ అనే సువాసన ఆకు రెండు రెమ్మలు, బిర్యానీ ఆకు ఒకటి. అల్లంవెల్లుల్లి పేస్ట్ వేసేవాళ్లు, కుక్కర్‌లో వేసేముందు మాంసం ఎర్రగా కాల్చిన పెనంలోనే దాన్ని వేయించి వేయండి. మూత కింద నీటి ఆవిరిలో పచ్చివాసన పోదు. కారానిదీ ఇదే దారి. లవంగాలు రెండు దాటొద్దు. ఎనిమిది గంటల్లో నాలుగు లవంగాలు మిగతా అన్ని రుచులనూ మింగేస్తాయి. గరం మసాలా పొడి అసలే వద్దు.

బీఫ్ తిననివాళ్లకు ఎముకతో ఉన్న గొర్రె భుజం ఇదే లెక్కకు పనికొస్తుంది. హలాల్ దుకాణంలో ముందే చెప్పకపోతే అలవాటుగా కూర ముక్కలు కొట్టేస్తారు, నిలువునా ఒకే ముక్కగా అడగండి. గొర్రె కొవ్వు చివర్లో తప్పకుండా తీసేయాలి, చల్లారితే పెదాలకు అంటుకుంటుంది.

ఉడికాక మాంసం, కూరగాయలు పళ్లెంలోకి తీసి మూత పెట్టి పదిహేను నిమిషాలు వదిలేయండి. రసాన్ని వడకట్టి, తేలిన కొవ్వు గరిటతో తీసేసి, వెడల్పాటి గిన్నెలో పొయ్యి మీద పెట్టండి. సిరామిక్ గిన్నెనే పొయ్యి మీద పెట్టకండి, పగులుతుంది. రెండు కప్పుల రసానికి రెండు టేబుల్ స్పూన్ల కార్న్‌స్టార్చ్, అంతే చల్లటి నీటిలో కలిపి, రసం తెర్లుతుండగా పోయండి. నిమిషంలో చిక్కబడుతుంది. దీన్ని కుక్కర్‌లోనే పోసి “చిక్కబడలేదు” అని ఇంకో రెండు చెంచాలు, ఇంకో రెండు చెంచాలు పోస్తూ పోతే చివరికి జావ అవుతుంది. సగం రసం మరిగించి తగ్గిస్తే పిండే అక్కర్లేదు. ఓపిక ఉంటే ఇదే మేలు. ఉప్పు మాత్రం తగ్గించాకే చూడండి.

మిగిలింది రెండు గంటల్లోపు లోతు తక్కువ డబ్బాల్లోకి తీసి ఫ్రిజ్‌లో పెట్టాలి, మూడు నాలుగు రోజులు ఉంటుంది. మళ్లీ వేడి చేయడం పొయ్యి మీదో మైక్రోవేవ్‌లోనో, 165 డిగ్రీలకు. స్లో కుక్కర్‌లో కాదు.

అభ్యాసం. వచ్చే పాఠానికి ముందు ఒక రోస్ట్ వండండి, కానీ క్యారెట్లను మూడు వాటాలు చేయండి: ఒకటి అడుగున గోడకు ఆనించి, ఒకటి అడుగున మధ్యలో, ఒకటి కావాలనే మాంసం పైన. వైరు ఉన్న ప్రోబ్ థర్మామీటర్ ముక్క మధ్యలో గుచ్చి, వైరు మూత అంచు నుంచి బయటికి తీసి, గంటకోసారి అంకె రాసుకోండి, మూత తీయకుండా. ఎనిమిది గంటలకు, తొమ్మిదికి, పదికి ఫోర్క్ గుచ్చి చూడండి. మూత తీయడం ఆ మూడుసార్లే. ఏ అంకె దగ్గర ఫోర్క్ తిరిగిందో, ఏ వాటా క్యారెట్ ఎలా ఉందో ఒకే కాగితం మీద ఉండాలి. ఒక్కో కుక్కర్ వేడి ఒక్కో రకంగా ఉంటుంది, పాతవి కొత్తవాటి కంటే నెమ్మది, కాబట్టి పక్కింటివాళ్ల అంకెలు మీకు పనికిరావు. నాలుగు క్వార్ట్ల చిన్న కుక్కర్ ఉన్నవాళ్లు రెండు పౌండ్ల ముక్క తీసుకుని కూరగాయలు, ఉప్పు మూడింట రెండు వంతులు చేయండి. నీళ్లు మాత్రం ముప్పావు కప్పు కంటే తగ్గించొద్దు.