మన ఫోన్ మన చేతిలో – 3వ పాఠం: పిలవని యాప్‌ని ఎవరు తెస్తున్నారు?

కిందటి పాఠం చివర మీకొక పని చెప్పాను. ఫోన్‌లో కనిపించే యాప్‌లన్నీ నోటు పుస్తకంలో రాసుకుని, మీరు దింపుకున్నవాటికి టిక్కు పెట్టి, మీకు తెలియకుండా వచ్చినవాటికి సున్నా చుట్టమన్నాను. ఆ పుస్తకం దగ్గర పెట్టుకోండి. ఇంకా రాయకపోతే ఒక పావుగంట కూర్చుని రాసి, తర్వాత ఈ పాఠం చదవండి. అది లేకుండా చదివితే సగమే అర్థమవుతుంది.

ముందు మా పెద్దమ్మ ఫోన్ సంగతి చెప్పాలి. మా పెద్దమ్మ ఉండేది ఒడిశా-ఆంధ్ర సరిహద్దులోని పర్లాకిమిడిలో. కొడుకు అమెరికా నుంచి వస్తూ ఒక మంచి ఫోన్ తెచ్చి చేతిలో పెట్టాడు. అక్కడి ఒక ఆపరేటర్ దగ్గర వాయిదాల మీద తీసుకుని, డబ్బు కట్టడం అయిపోయాక లాక్ తీయించిన ఫోన్ అది. ఇక్కడి సిమ్ వేస్తే చక్కగా పనిచేసింది. కానీ వారం తిరక్కుండానే తెర మీద ఏదో ముత్యాల ఆట, ఏదో షాపింగ్ యాప్, ఇంకేదో వార్తల యాప్ వచ్చి కూర్చున్నాయి. పెద్దమ్మ తీసేసేది. నాలుగు రోజులకి మరోటి వచ్చేది. మనవడు "నువ్వే ఏదో నొక్కి ఉంటావు" అన్నాడట. ఆ మాటకి ఆవిడ చాలా నొచ్చుకుంది. "నేనేం నొక్కలేదురా నాయనా, పొద్దున్న లేచేసరికి అదే వచ్చి ఉంది" అని నాతో చెప్పినప్పుడు ఆవిడ కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి.

ఆవిడ చెప్పింది నిజం. ఈ పాఠం రాయడానికి ముఖ్య కారణం అదే. మన ఇళ్ళల్లో పెద్దవాళ్ళ ఫోన్‌లో తెలియని యాప్ కనిపిస్తే ముందు వాళ్ళనే తప్పు పడతాం. చాలాసార్లు తప్పు వాళ్ళది కాదు.

వంటింట్లో చీమలు బారులు తీరితే చీపురుతో ఊడ్చేస్తాం. కాసేపటికి మళ్ళీ వస్తాయి. గోడలో ఏ పగులులోంచి వస్తున్నాయో చూసి దాన్ని మూసేదాకా ఆ ఊడుపు ఆగదు. పెద్దమ్మ చేస్తున్నది ఊడుపే. వచ్చిన యాప్‌ని తీసేయడం కాదు, దాన్ని తెస్తున్న యాప్‌ని పట్టుకోవాలి. అది ఫోన్‌లోనే ఉంటుంది. దానికి తెర మీద బొమ్మ ఉండదు, అందుకే మనకి కనబడదు.

అది లోపల ఎలా ఉందో చెబుతాను. ఆండ్రాయిడ్ ఫోన్‌లో నిల్వ స్థలం రెండు భాగాలనుకోండి. ఒకటి మనది. ఫోటోలు, మనం దింపుకున్న యాప్‌లు అందులో ఉంటాయి. రెండోది సిస్టం భాగం. ఫోన్ తయారైనప్పుడే దాన్ని నింపి తాళం వేస్తారు. అందులో ఉన్నదాన్ని మనం చదవగలం, వాడగలం, చెరపలేం. ఫోన్ కంపెనీ గానీ, ఫోన్ అమ్మే ఆపరేటర్ గానీ తమకు కావలసిన యాప్‌లని ఆ భాగంలో పెట్టిస్తారు. వాటిలో కొన్నింటికి ప్రత్యేక అధికారం కూడా ఇస్తారు. మామూలు యాప్ ఇంకో యాప్‌ని దింపాలంటే మనల్ని అడగాలి. 2017లో వచ్చిన ఆండ్రాయిడ్ 8 నుంచి అలా దింపాలనుకునే ప్రతి యాప్‌కీ మనం విడివిడిగా అనుమతి ఇవ్వాలి. సిస్టం భాగంలో అధికారంతో కూర్చున్న యాప్‌కి ఈ అడగడం అక్కర్లేదు. నెట్ ఉంటే చాలు, చడీచప్పుడు లేకుండా దింపేస్తుంది.

అమెరికాలో ఇది పెద్ద వ్యాపారం. డిజిటల్ టర్బైన్ అనే కంపెనీ తయారుచేసిన ఇగ్నైట్ అనే పనిముట్టుని అక్కడి ఆపరేటర్లు తమ ఫోన్లలో పెడతారు. ఆట తయారుచేసినవాళ్ళు డబ్బు కడితే, వాళ్ళ ఆట మన ఫోన్లోకి వస్తుంది. ఫోన్‌లో దాని పేరు ఒక్కోచోట ఒక్కోలా ఉంటుంది: డీటీ ఇగ్నైట్, మొబైల్ సర్వీసెస్ మేనేజర్. పేరు చూస్తే ఫోన్ నడవడానికి అవసరమైనదేమో అనిపిస్తుంది. అది లేకపోయినా కాల్స్ వెళతాయి, వస్తాయి.

మన దేశంలో ఫోన్ ఒక దుకాణంలో, సిమ్ మరో దుకాణంలో కొంటాం కాబట్టి ఆపరేటర్ చెయ్యి ఫోన్ లోపలిదాకా అంతగా రాదు. ఆ పని ఇక్కడ ఎక్కువగా ఫోన్ కంపెనీలు చేస్తాయి. శాంసంగ్ ఎ, ఎం వరసల ఫోన్లు చాలావాటిలో యాప్‌క్లౌడ్ అని ఉంటుంది. షావోమీ ఫోన్లలో చాలాకాలం గెట్‌యాప్స్ ఉండేది. మీ నోటు పుస్తకంలో సున్నా చుట్టినవి ఎక్కువగా ఇలాంటి దారుల్లో వచ్చినవే అయి ఉంటాయి.

ఇప్పుడు పనిలోకి దిగుదాం. సున్నా చుట్టిన యాప్ ఒకటి తీసుకోండి. దాని బొమ్మని కాసేపు నొక్కి పట్టుకుంటే చిన్న పెట్టె వస్తుంది. అందులో యాప్ ఇన్ఫో అని గానీ, వృత్తంలో ఐ అక్షరం గానీ ఉంటుంది. అది తెరవండి. పేజీ చివరిదాకా కిందికి జరపండి. అక్కడ యాప్ డీటెయిల్స్ అనే వరస కింద, ఈ యాప్ ఎక్కడినుంచి ఇన్‌స్టాల్ అయిందో రాసి ఉంటుంది. గూగుల్ ప్లే స్టోర్ అని గానీ, గెలాక్సీ స్టోర్ అని గానీ ఉంటే ఎవరో ఆ దుకాణం నుంచి దింపి ఉండవచ్చు. ఇంట్లో పిల్లలు కావచ్చు. గెట్‌యాప్స్ అనో, మొబైల్ సర్వీసెస్ మేనేజర్ అనో ఉంటే మీకు దారి దొరికింది. ఆ పేరు పుస్తకంలో యాప్ పక్కనే రాయండి. సున్నా చుట్టినవన్నీ ఇలాగే చూడండి. నాలుగైదు యాప్‌లకి ఒకే పేరు వస్తే సందేహం అక్కర్లేదు, పగులు అదే. కొన్ని యాప్‌లకి ఆ వరసే ఉండదు. అవి ఫోన్‌తో పాటు వచ్చినవి కావచ్చు, వాటిని ప్రస్తుతానికి వదిలేయండి.

పెద్దమ్మ ఫోన్‌లో మూడింటికీ ఒకే పేరు వచ్చింది. ఆవిడకి చూపించాను. "అయితే నేను కాదన్నమాట" అంది. మనవడిని కూడా పిలిచి చూపించమంది.

ఇక పగులు మూయాలి. సెట్టింగ్స్‌లో యాప్స్‌లోకి వెళ్ళండి. మామూలుగా అక్కడ సిస్టం యాప్‌లు కనబడవు. పైన కుడివైపు మూడు చుక్కలు నొక్కితే షో సిస్టం అని వస్తుంది. శాంసంగ్‌లో అయితే జాబితా పైన ఉన్న ఫిల్టర్ గుర్తు నొక్కి, షో సిస్టం యాప్స్ ఆన్ చేయాలి. జాబితా ఒక్కసారిగా చాంతాడంత పెరుగుతుంది, కంగారు పడకండి. మీరు రాసుకున్న పేరు వెతికి తెరవండి. ముందు ఫోర్స్ స్టాప్ నొక్కండి. తర్వాత స్టోరేజ్‌లోకి వెళ్ళి క్లియర్ డేటా నొక్కండి. అది సగం దింపి పెట్టుకున్నవి ఉంటే అలా పోతాయి. వెనక్కి వచ్చి డిజేబుల్ నొక్కండి. ఇది ఆపితే ఇతర యాప్‌లు సరిగ్గా పనిచేయకపోవచ్చు అని ఫోన్ హెచ్చరిస్తుంది. ప్రతి సిస్టం యాప్‌కీ అదే మాట చెబుతుంది. ఇక్కడ భయం లేదు, ఒప్పుకోండి. పొరపాటు జరిగిందనిపిస్తే అదే చోట ఎనేబుల్ ఉంటుంది, నొక్కితే మళ్ళీ యథాస్థితికి వస్తుంది.

ఇదంతా అయ్యాకే, అది తెచ్చిన యాప్‌లని ఒక్కొక్కటిగా అన్‌ఇన్‌స్టాల్ చేయండి. ఈ వరస ముఖ్యం. పగులు మూయకుండా చీమల్ని ఊడిస్తే మొదటికే వస్తాం.

అయితే గెలాక్సీ స్టోర్‌ని, ప్లే స్టోర్‌ని ఇలా ఆపకండి. అప్‌డేట్‌లు వాటి ద్వారానే వస్తాయి. ఆపవలసింది దుకాణాన్ని కాదు, మనల్ని అడగకుండా సరుకు ఇంట్లో పడేసేదాన్ని.

డిజేబుల్ బటన్ బూడిద రంగులో ఉండి నొక్కుడు పడకపోతే, అక్కడే అన్‌ఇన్‌స్టాల్ అప్‌డేట్స్ ఉందేమో చూడండి. అది చేశాక కొన్నిసార్లు డిజేబుల్ పనిచేస్తుంది. అదీ కాకపోతే ఆ యాప్‌కి నోటిఫికేషన్లు, బ్యాక్‌గ్రౌండ్ డేటా ఆపేయండి. పూర్తి మందు కాకపోయినా జోరు తగ్గుతుంది.

షావోమీ, రెడ్‌మీ వాళ్ళకి రెండు మాటలు. యాప్‌ల ఫోల్డర్ ఏదైనా తెరిచి దాని పేరు మీద నొక్కితే, కింద ప్రమోటెడ్ యాప్స్ అనే మీట కనిపించవచ్చు. ఆపేయండి. ఫోల్డర్‌లో మీరు పెట్టని బొమ్మలు కనబడేది దానివల్లే. రెండోది, సెట్టింగ్స్‌లో ఆథరైజేషన్ అండ్ రివొకేషన్ అని వెతికి, అందులో ఎంఎస్‌ఏ అనే పేరు ఎదురుగా ఉన్న మీట ఆపండి. ప్రకటనలు చూపించేది అదే. పది సెకన్లు లెక్కపెట్టించి అప్పుడు ఒప్పుకుంటుంది. మొదటిసారి కుదరలేదు అంటుంది, నెట్ ఆన్‌లో ఉంచి మళ్ళీ మళ్ళీ చేయండి. ఆపడాన్ని ఇంత కష్టం చేయడం నాకు అన్యాయంగా తోస్తుంది. మీట వేయడానికి లేని పది సెకన్లు తీయడానికి ఎందుకు?

ఇక సిమ్ సంగతి. మన సరిహద్దులో దీని గోల ఎక్కువ. పర్లాకిమిడిలో చాలామంది ఫోన్లలో రెండు సిమ్‌లు ఉంటాయి, ఒకటి ఒడిశాది, ఒకటి పాతపట్నంలో తీసుకున్న ఆంధ్రది. రెండింటినుంచీ తెర మధ్యలో పెట్టెలు వస్తుంటాయి: పాట కావాలా, జాతకం కావాలా, ఆట కావాలా అని. ఇవి యాప్‌లు కావు, సిమ్ చిప్‌లోనే ఉన్న చిన్న ప్రోగ్రాం పనులు. ఫోన్‌లో వీటి గుమ్మం సిమ్ టూల్‌కిట్ అనే యాప్. దాన్ని తీసేయడం కుదరదు, అక్కర్లేదు కూడా. తెరిచి మీ సిమ్ ఎంచుకోండి. ఎయిర్‌టెల్‌లో ఎయిర్‌టెల్ నౌ అనీ, బీఎస్‌ఎన్‌ఎల్‌లో బజ్ సర్వీస్ అనీ ఉంటుంది. దాని లోపలికి వెళ్ళి స్టాప్ గానీ డీయాక్టివేట్ గానీ ఎంచుకోండి. రెండు సిమ్‌లుంటే రెండింటికీ చేయాలి.

పొరపాటున ఓకే నొక్కి ఏదైనా సేవ మొదలై డబ్బు పోతుంటే 155223కి ఫోన్ చేసి ఆపించవచ్చు. అన్ని ఆపరేటర్లకూ ఒకటే నంబరు, ఖర్చు లేదు. ఇలాంటి సేవ మొదలుపెట్టే ముందు వినియోగదారు నుంచి రెండుసార్లు ఒప్పుకోలు తీసుకోవాలని టెలికం నియంత్రణ సంస్థ ట్రాయ్ 2013లోనే ఆదేశించింది. కానీ ఆ ఒప్పుకోలు ఏ భాషలో అడిగారన్నది మన ఊళ్ళల్లో అసలు ప్రశ్న. ఒడిశా సిమ్‌కి వచ్చే మాట ఒడియాలోనో హిందీలోనో ఇంగ్లీషులోనో ఉంటుంది. తెలుగు మాత్రమే చదవగలిగిన మా పెద్దమ్మ ఏమని ఒప్పుకున్నట్టు? గిడుగు రామమూర్తి పంతులుగారు పాఠాలు చెప్పిన ఊరు ఇది. జనానికి అర్థమయ్యే భాషలో రాయాలని ఆయన జీవితమంతా పోరాడారు. అర్థం కాని మాట కింద నొక్కిన ఓకేని నేను ఒప్పుకోలు అనలేను. కాబట్టి మీ ఇంట్లో వాళ్ళకి ఒక్కటి నేర్పండి: చదవలేని పెట్టె వస్తే ఓకే వద్దు, క్యాన్సిల్ లేదా వెనక్కి బటన్.

ముట్టుకోకూడనివి కూడా చెప్పాలి, ఎందుకంటే ఈ పాఠం చదివాక చెయ్యి దురద పెడుతుంది. క్యారియర్ సర్వీసెస్ అనే యాప్ కనిపిస్తుంది. క్యారియర్ అంటే ఆపరేటర్ కదా, ఇదే దొంగ అనుకుంటారు. కాదు, అది గూగుల్‌ది. మెసేజెస్ యాప్‌లో ఫోటోలు, టైపింగ్ గుర్తులతో నడిచే చాట్‌కి సాయం చేస్తుంది. ఐఎంఎస్ అని పేరులో ఉన్నవాటిని అసలు తాకకండి. ఫోర్జీ మీద మాట నడిచేది వాటితోనే. 2016లో మొదలైన జియోకి టూజీ, త్రీజీ లేవు. ఐఎంఎస్ ఆగితే జియో సిమ్‌కి మామూలు కాల్స్ రావు, పోవు. గూగుల్ ప్లే సర్వీసెస్, వెబ్‌వ్యూ కూడా అంతే. పేరు అర్థం కాకపోతే ఆపకండి, పుస్తకంలో ప్రశ్నార్థకం పెట్టండి.

మూసిన పగులు మళ్ళీ తెరుచుకునే సందర్భాలు మూడు. ఫోన్‌ని ఫ్యాక్టరీ రీసెట్ చేస్తే అన్నీ మొదటికి వస్తాయి, ఎందుకంటే సిస్టం భాగంలో ఆ యాప్ అలాగే ఉంది, మనం నిద్రపుచ్చాం అంతే. ఆండ్రాయిడ్ పెద్ద అప్‌డేట్ వచ్చాక, సెటప్ పూర్తి చేయండి అంటూ ఒక నోటిఫికేషన్ రావచ్చు. అది నొక్కితే పది పదిహేను యాప్‌లకి ముందే టిక్కులు పెట్టి ఉన్న పేజీ వస్తుంది, ఒక్కొక్కటీ తీసేసి ముందుకు వెళ్ళండి. కొత్త సిమ్ వేసినప్పుడు ఆపరేటర్ యాప్ దింపుకోమని అడగవచ్చు. రీఛార్జికి కావాలంటే దింపుకోండి, లేదంటే పక్కకి తోసేయండి.

ఈసారి ఇంటిపని. పగులు మూసిన తారీఖు పుస్తకంలో వేయండి. ఏడు రోజులు రోజూ పొద్దున్నే తెర చూసి, కొత్తగా ఏమైనా వచ్చిందా లేదా అని ఒక్క ముక్క రాయండి. వస్తే, అది ఎక్కడినుంచి వచ్చిందో మళ్ళీ యాప్ ఇన్ఫో చివర చూసి రాయండి. ప్రశ్నార్థకం పెట్టినవాటి పేర్లు ఇంగ్లీషు అక్షరాల్లో ఉన్నది ఉన్నట్టు ఎక్కించండి, అవి 4వ పాఠంలో కావాలి. డిజేబుల్‌కి లొంగని యాప్‌ని కంప్యూటర్‌కి కేబుల్ పెట్టి, ఏడీబీ అనే పనిముట్టుతో మన ఖాతా వరకు ఎలా తీసేయాలో అందులో చూద్దాం. డేటా వెళ్ళే కేబుల్ ఒకటి సిద్ధం చేసుకోండి. కొన్ని చవక కేబుళ్ళు ఛార్జింగ్‌కే పనికొస్తాయి, అవి పనిచేయవు.

పెద్దమ్మ పుస్తకంలో ఇవాళ్టికి పదకొండు రోజులు "ఏమీ రాలేదు" అని ఉంది. ఏడు రోజులు చాలు అన్నాను గానీ ఆవిడ ఇంకా రాస్తూనే ఉంది.