పిందె రాలుతోందా? మందు కొనే ముందు తేనెటీగను చూడండి

వరంగల్ చుట్టుపక్కల యాసంగిలో పుచ్చ, దోస, గుమ్మడి వేసిన రైతులు, పూత నిండుగా ఉన్నా పిందెలు పసుపుబారి రాలిపోతుంటే తెగులనుకొని నేరుగా మందుల దుకాణానికి వెళ్తారు. అంతకంటే ముందు, ఉదయం ఏడింటికి ఒక ఆడ పువ్వు దగ్గర పావుగంట కూర్చోవాలి. ఆడ పువ్వు అడుగున గోలీకాయంత పిందె ఉంటుంది, మగ పువ్వుకు ఉత్త కాడే ఉంటుంది. మగ పువ్వు పుప్పొడిని తేనెటీగ ఆడ పువ్వుకు చేరిస్తేనే పిందె నిలుస్తుంది. తేనెటీగలు వాలడం లేదనిపిస్తే, మగ పువ్వును తెంపి రేకులు తీసేసి, దాని పుప్పొడిని పది ఆడ పూల నడుమ మెల్లగా రాసి, కాడలకు దారం కట్టండి. వారం తర్వాత దారం కట్టినవే నిలిచి మిగతావి రాలితే, అది తెగులు కాదు, తేనెటీగల కరువు.

వరి తన పువ్వులోనే తాను ఫలదీకరణ చెందుతుంది, మక్కకు గాలి చాలు. కాబట్టి తేనెటీగలు తగ్గినా అన్నానికి లోటు రాదు; కూరగాయలకు, పండ్లకు, పొద్దుతిరుగుడు వంటి నూనెగింజలకు వస్తుంది.

పుచ్చ, దోస, గుమ్మడి పూలు మధ్యాహ్నానికి ముడుచుకుంటాయి కనుక, మందు కొట్టక తప్పనప్పుడు పొద్దుగూకిన తర్వాతే కొట్టాలి. బీర పూలు సాయంత్రమే విచ్చుకుంటాయి, ఆ పాదును తప్పించండి. అయితే ఇమిడాక్లోప్రిడ్, థయోమిథాక్సామ్ వంటి పురుగుమందుల విషయంలో వేళ మార్చినంత మాత్రాన సరిపోదు. అవి మొక్క రసంలో కలిసి మకరందంలోకి, పుప్పొడిలోకి చేరతాయి. ఈ కారణంగానే యూరోపియన్ యూనియన్ 2018లో వాటిని ఆరుబయట పొలాల్లో వాడకుండా నిషేధించింది. పూత మీద వాటి జోలికి పోవద్దు. పక్క చేనులో పత్తి, మిర్చి ఉంటే వారు ఏ రోజు కొడతారో ముందే మాట్లాడుకోవాలి, ఎందుకంటే తేనెటీగకు గెట్టు తెలియదు.

గెట్ల మీద కంది, ధనియాలు, ఆవాలు చల్లితే పంట పూత లేని రోజుల్లోనూ తేనెటీగలకు మేత దొరుకుతుంది. ఎండాకాలంలో వెడల్పాటి మూకుడులో గులకరాళ్లు పోసి, అవి సగం మునిగేలా నీళ్లుంచండి. రాళ్లు లేకపోతే ఈగలు మునిగి చస్తాయి.

చెట్టుకు పట్టిన తేనెతుట్టెను మంటపెట్టి దులపడం మన దగ్గర పాత అలవాటు, అన్నిటికంటే చేటు కూడా. తేనె ఎక్కువగా కొమ్మను అంటుకొని ఒక కొసన ఉబ్బుగా ఉన్న మందపాటి భాగంలో ఉంటుంది; పిల్లలు పెరిగేది మిగతా పలుచటి భాగంలో. పొగ మాత్రమే పెట్టి, తేనె ఉన్న ముక్కను కోసుకొని, మిగతా తుట్టెను కొమ్మకే వదిలేయమని తేనె తీసేవారికి చెప్పండి.