సోలో జాజ్ గిటార్‌లో నగిషీల కింద బాణీ కనబడనప్పుడు: లక్షణం, కారణం, పరిష్కారం

ఒక్క గిటార్ మీద జాజ్ పాటను పూర్తిగా వాయించేటప్పుడు బాణీ, దాని కింది కార్డులు (కొన్ని స్వరాలు కలిసి మోగే గుత్తులు), బేస్ (అన్నిటికన్నా కింది స్వరం), నడక అన్నీ ఒకే మనిషి చేతుల్లోంచి రావాలి. ఎడమచేతిలో తీగలు నొక్కడానికి ఉన్నవి నాలుగు వేళ్ళు, వాటిలో ఒకటి దాదాపు ఎప్పుడూ బాణీ దగ్గరే ఉండాలి. మధ్యలో చేర్చే ఫిల్ (బాణీ ఆగిన ఖాళీలో వాయించే చిన్న పలుకు), స్లైడ్ (తీగ మీద వేలిని జార్చడం), మార్చిన కార్డు, ఏదైనా సరే, ఆ వేలిని అక్కడి నుంచి లాగేయాలని చూస్తుంది. సోలో అరేంజ్‌మెంట్లలో వచ్చే ఇబ్బందుల్లో చాలా భాగం ఈ లాగుడు దగ్గరే పుడతాయి కనుక, వినబడే లక్షణం నుంచి మొదలుపెట్టి ఏ వేలు ఎందుకు లేచిందో తెలుసుకునే దాకా వెళ్ళడమే సరైన దారి.

ఉదాహరణకు ‘ఆటమ్ లీవ్స్’ అనే పాటను తీసుకుంటున్నాను. జోసెఫ్ కోస్మా 1945లో ఫ్రాన్సులో కట్టిన ఈ బాణీని జాజ్ నేర్చుకునేవారు దాదాపు అందరూ మొదట్లోనే వాయిస్తారు. ఇ మైనర్‌లో చూస్తే ఇ, ఎఫ్ షార్ప్, జి అనే మూడు స్వరాలు ఒక్కో బీట్ చొప్పున పైకి నడిచి, సి మీద ఆగుతాయి. సాధారణంగా అచ్చులో కనిపించే రూపంలో ఆ సి ఒక బార్ (నాలుగు బీట్ల ఆవర్తం) మొత్తం, తరువాతి బార్‌లో మరో బీట్, అంటే అయిదు బీట్లు నిలుస్తుంది. తరువాత డి, ఇ, ఎఫ్ షార్ప్ నడిచి బి మీద ఆగుతాయి. మూడు అడుగులు, ఒక మజిలీ: పాట గుర్తంతా ఆ నడకలోనే ఉంది. ఇకపై తీగల లెక్క సన్న తీగ నుంచి, అంటే సన్నది ఒకటో తీగ, లావుది ఆరో తీగ.

మరమ్మతుకు ముందు ఒక పరీక్ష

మీ అరేంజ్‌మెంట్‌ను ఫోన్‌లో రికార్డు చేసి, కనీసం ఒక రోజు పక్కన పెట్టి, తరువాత వింటూ బాణీని గొంతుతో పాడండి. గొంతు ఎక్కడ తడబడుతుందో, ఎక్కడ బాణీ కోసం వెతుక్కోవలసి వస్తుందో ఆ బార్ల సంఖ్యలు రాసుకోండి. వాయిస్తూ ఉన్నప్పుడు ఈ సంగతి మనకు తెలియదు, ఎందుకంటే బాణీ అప్పటికే మన తలలో మోగుతూ ఉంటుంది. చేయి దాన్ని వదిలేసినా చెవి పూరించుకుంటుంది. వినేవారికి ఆ సదుపాయం లేదు. చాలాకాలం క్రితం నేను ఎంతో ఇష్టంగా అల్లుకున్న ఒక అరేంజ్‌మెంట్‌ను నెల తరువాత విన్నప్పుడు, రెండో ఎనిమిది బార్లలో బాణీ ఎక్కడుందో నాకే దొరకలేదు. ఈ పరీక్ష చేయకుండా కార్డులు మార్చడం మొదలుపెట్టకూడదని ఆ రోజు నిశ్చయించుకున్నాను.

లక్షణం: వింటున్నవారు పాటను గుర్తుపట్టడం లేదు

దీనికి ఎక్కువసార్లు కనిపించే కారణం బాణీ కన్నా పైస్థాయిలో మరో స్వరం మోగడం. అనేక స్వరాలు ఒకేసారి వినబడినప్పుడు చెవి సహజంగా అన్నిటికన్నా పైనున్న దాన్ని బాణీగా తీసుకుంటుంది. సి నిలిచి ఉండగా దానిపైన ఇ, జి మీదుగా ఒక పరుగు తీస్తే, ఆ పరుగే పాట అయిపోతుంది. అందువల్ల బాణీని వీలైనంతవరకు మొదటి రెండు తీగల మీద ఉంచి, మిగిలినవన్నీ దాని కిందకు దించాలి. బాణీ మూడో తీగకో నాలుగో తీగకో జారుతూ, కింద కార్డుకు చోటే మిగలకపోతే, లోపం వేళ్ళది కాదు, శ్రుతిది. పాట మొత్తాన్ని మరో కీకి మార్చుకోవాలి.

రెండో కారణం నడకను చెడగొట్టడం. ఇ, ఎఫ్ షార్ప్, జి అనే మూడు అడుగుల మధ్య క్రోమాటిక్ స్వరాలు (అరస్వరం చొప్పున నడిచేవి) ఇరికించినా, వాటిని సాగదీసి రుబాటోలో (లయను సడలించి) వాయించినా, పాట గుర్తు చెరిగిపోతుంది. పాట మొదటి చుట్టులో, అంటే మొదటి కోరస్‌లో ఆ మూడు స్వరాలను ముట్టుకోవద్దని నేను గట్టిగానే చెబుతాను. వాటి కింద కార్డు కూడా అక్కర్లేదు. కార్డులన్నీ ఆగిపోయి ఆ మూడు స్వరాలు ఒంటరిగా వినబడిన క్షణంలోనే వినేవారు పాటను పట్టుకుంటారు.

లక్షణం: బాణీ పైనే ఉంది, అయినా కార్డులో మునిగిపోతోంది

ఇక్కడ కారణం కుడిచేతిలో వెతకాలి. అయిదారు తీగలను ఒకే బలంతో మీటితే లావు తీగలే గెలుస్తాయి. వేళ్ళతో వాయించేవారు బాణీ తీగను ఉంగరపు వేలికి అప్పగించి, దాన్ని మిగిలిన వేళ్ళకన్నా కొంచెం లోతుగా మీటడం విడిగా సాధన చేయాలి. ఒకే కార్డు పట్టుకుని, మొదట పై స్వరం మాత్రమే బిగ్గరగా, తరువాత మధ్య స్వరం మాత్రమే బిగ్గరగా, తరువాత బేస్ మాత్రమే బిగ్గరగా వచ్చేలా రోజూ అయిదు నిమిషాలు మీటితే వేళ్ళకు ఆ విచక్షణ వస్తుంది. కార్డును కింది నుంచి పైకి దొర్లించేవారు బేస్‌ను బీట్ మీద పెట్టి బాణీని ఆలస్యం చేస్తుంటారు; బేస్ ఒక వెంట్రుకవాసి ముందు వచ్చి, బాణీ స్వరం సరిగ్గా బీట్ మీద పడాలి.

రెండో మార్గం స్వరాలు తగ్గించడం. కార్డు ఏమిటో చెప్పేవి ప్రధానంగా, దాని మూలస్వరం నుంచి లెక్కిస్తే వచ్చే మూడో స్వరం, ఏడో స్వరం. ‘ఆటమ్ లీవ్స్’లో మొదటి ఎనిమిది బార్లలో బాణీ ఆగే ప్రతి మజిలీ ఆ కార్డు మూడో స్వరమే: ఎ మైనర్ 7 మీద సి, జి మేజర్ 7 మీద బి, ఎఫ్ షార్ప్ హాఫ్ డిమినిష్డ్ మీద ఎ, ఇ మైనర్ మీద జి. అంటే మూడో స్వరాన్ని బాణీయే పలికిస్తోంది. కింద బేస్, ఏడో స్వరం ఉంటే కార్డు పూర్తయినట్టే. ఎ మైనర్ 7 కోసం అయిదో తీగను ఏమీ నొక్కకుండా వదిలి, ఒకటి, రెండు తీగల మీద ఎనిమిదో ఫ్రెట్ పట్టుకోండి. ఎ, జి, సి మూడే స్వరాలు, అందులో బేస్‌కు వేలితో పనే లేదు.

ఆంప్లిఫయర్‌తో వాయించేవారు మరో సంగతి చూసుకోవాలి. కంప్రెసర్ పెట్టి ఉంటే వేళ్ళు కష్టపడి తెచ్చిన బలాబలాల తేడాను అది చదును చేస్తుంది. దాన్ని తీసేసి, బేస్ కొంచెం తగ్గించి, ఆ తరువాతే కుడిచేతిని తప్పుపట్టండి.

లక్షణం: ఫిల్ మొదలవగానే బాణీ ఆగిపోతోంది

దీని దగ్గర కొంచెం ఎక్కువసేపు ఆగుతాను, ఎందుకంటే బాణీకీ నగిషీకీ అసలు తగాదా ఇక్కడే. నాటక పద్యం పాడే నటుడు పాదంలోని మాట స్పష్టంగా వినబడ్డాకే రాగం తీస్తాడు. మాట మధ్యలో తీస్తే పద్యం పోతుంది. సోలో గిటార్‌లోనూ ఫిల్‌కు చోటు మజిలీలోనే. అయితే గొంతుకు లేని చిక్కు గిటార్‌కు ఒకటుంది: ఫిల్ కోసం చేయి కదిలిన క్షణంలో నిలిచి ఉండవలసిన స్వరం తెగిపోతుంది. అయిదు బీట్లు మోగవలసిన సి రెండు బీట్లకే చచ్చిపోతే, ఆపైన వచ్చిన ఫిల్ ఎంత అందంగా ఉన్నా అది వేరే పాటలా వినబడుతుంది.

పరిష్కారం ఫిల్‌ను చెవితోపాటు వేళ్ళతో కూడా రూపొందించడం. ఇందాకటి ఎ మైనర్ 7 మీటాక, ఒకటో తీగ ఎనిమిదో ఫ్రెట్ మీద సి‌ని చిటికెన వేలితో అలాగే పట్టి ఉంచండి. చూపుడు వేలిని అయిదో ఫ్రెట్ వరుసకు తెచ్చుకుంటే, రెండో తీగ అయిదో ఫ్రెట్‌లో ఇ, మూడో తీగ ఏడో ఫ్రెట్‌లో డి, అదే తీగ అయిదో ఫ్రెట్‌లో సి, నాలుగో తీగ ఏడో ఫ్రెట్‌లో ఎ అందుతాయి. చూపుడు వేలు, ఉంగరపు వేలు మార్చి మార్చి పడితే చాలు, చిటికెన వేలు కదలనక్కర్లేదు. మొదటి బార్‌లో మూడు, నాలుగు బీట్ల మీద ఈ నాలుగింటినీ సగం బీట్ చొప్పున దిగుతూ వాయించండి. తరువాతి బార్ మొదటి బీట్ మీద నాలుగో తీగను ఏమీ నొక్కకుండా మీటితే డి బేస్ వస్తుంది. పైన ఇంకా సి మోగుతూనే ఉంటుంది, డి 7 దానంతట అదే ఏర్పడుతుంది. అప్పుడు చిటికెన వేలిని వదిలి, రెండో తీగ మీద మూడు, అయిదు, ఏడు ఫ్రెట్లలో డి, ఇ, ఎఫ్ షార్ప్ నడిచి, ఒకటో తీగ ఏడో ఫ్రెట్‌లో బి దగ్గరకు చేరుకోవచ్చు.

ఈ చిన్న ఫిల్ ఎందుకు కుదిరిందో గమనించండి. బాణీ పైకి ఎక్కుతుంది, ఫిల్ కిందికి దిగుతుంది. బాణీ ఒక్కో బీట్ చొప్పున నడుస్తుంది, ఫిల్ సగం బీట్లలో కదులుతుంది. ఫిల్ కూడా ఒక్కో బీట్ చొప్పున పైకే ఎక్కితే, వినేవారు దాన్ని బాణీలోని తరువాతి మెట్టుగా పొరబడతారు. ఫిల్ చివరి స్వరం ఎ. తరువాత రావలసిన బాణీ స్వరం డి. చివరి స్వరంగా ఆ డి‌నే ముందుగా పలికిస్తే బాణీ వచ్చేసరికి దాని తాజాదనం పోతుంది. మీ చేతివాటానికి నిలిచే స్వరాన్ని పట్టి ఉంచడం అసలు కుదరకపోతే, ఫిల్‌ను రెండు స్వరాలకు కుదించండి. అదీ కుదరకపోతే ఫిల్ మానేసి ఆ సి‌ని మోగనివ్వండి. ఒంటరిగా నిలిచిన సి ఆ పాటకు ఎప్పుడూ హాని చేయదు.

లక్షణం: నగిషీ వచ్చిన ప్రతిచోటా లయ తడబడుతోంది

ఉన్న ఖాళీ కన్నా ఫిల్ పొడుగైంది, అంతే. మెట్రోనోమ్‌ను రెండు, నాలుగు బీట్ల మీద మోగేలా పెట్టి, ఫిల్ లేకుండా బాణీని, బేస్‌ను మాత్రమే రెండు కోరస్‌లు వాయించండి. తరువాత ఫిల్ చేర్చండి. తడబడితే స్వరాలు తీసేయండి, వేగం తగ్గించకండి. రుబాటో కావాలంటే పాట మొత్తానికి ముందే నిర్ణయించుకుని వాయించాలి. వేళ్ళు అందని చోట దాన్ని తెర లాగా వాడితే వినేవారికి తెలిసిపోతుంది.

లక్షణం: మార్చిన కార్డు బాణీతో కొట్టుకుంటోంది

కార్డును మార్చేముందు బాణీ స్వరం కొత్త కార్డులో ఎన్నో స్వరం అవుతుందో కాగితం మీద రాయాలి. డి 7 స్థానంలో ఎ ఫ్లాట్ 7 పెట్టామనుకోండి. రెండో బార్ బాణీలోని సి దానికి మూడో స్వరం అవుతుంది; డి అనేది షార్ప్ 11 (అరస్వరం పెంచిన పదకొండో స్వరం), ఇ అనేది షార్ప్ 5 (అరస్వరం పెంచిన అయిదో స్వరం), ఎఫ్ షార్ప్ అనేది ఏడో స్వరం అవుతాయి. నాలుగూ నిలబడతాయి, కార్డులో అయిదో స్వరమైన ఇ ఫ్లాట్‌ను మాత్రం వదిలేస్తే చాలు. ఆరో బార్‌లో బి 7 స్థానంలో ఎఫ్ 7 పెట్టినా ఇదే లెక్క అచ్చంగా కుదురుతుంది. కుదరని సందర్భం కూడా చెబుతాను: బాణీ జి మీద ఉండగా కింద జి మేజర్ 7 పట్టుకుంటే, అందులోని ఎఫ్ షార్ప్ బాణీకి సరిగ్గా అరస్వరం కిందే ఉండి దాన్ని గీరుతుంది. అక్కడ ఎఫ్ షార్ప్ తీసేసి ఇ పెట్టి, జి 6 వాయిస్తే బాణీ తేటపడుతుంది.

లక్షణం: అన్నీ సరిగానే ఉన్నాయి, కానీ వాయించినంతసేపూ ఒకేలా ఉంది

నగిషీలు ఎక్కువైనా, అసలు లేకపోయినా ఈ లక్షణమే కనబడుతుంది. ఎక్కువైన సందర్భంలో కారణం వాటి పంపకం. కృతి పాడేవారు పల్లవిని మొదట సాదాగా పాడి, ఒక్కో సంగతిలో కొంచెం కొంచెం కలుపుకుంటూ వెళ్ళే క్రమం తెలుగు శ్రోతలకు బాగా తెలిసినదే. సోలో అరేంజ్‌మెంట్‌కూ ఆ క్రమం చక్కగా సరిపోతుంది. ‘ఆటమ్ లీవ్స్’ ముప్పై రెండు బార్ల పాట. మొదటి ఎనిమిది బార్లను సాదాగా, అదే బాణీ తిరిగి వచ్చే రెండో ఎనిమిదిని ఒకటి రెండు ఫిల్స్‌తో వాయిస్తే, రెండోసారి చేర్చినవి ఏమిటో వినేవారికి అర్థమవుతుంది. మొదటి బార్‌లోనే ఉన్నవన్నీ పోసేస్తే పోల్చుకోవడానికి వారికి ఏమీ మిగలదు.

నగిషీలు లేక పేలవంగా ఉన్న సందర్భంలో చాలామంది బాణీలోని ప్రతి స్వరానికీ ఒక కార్డు తగిలిస్తారు. దానితో నడక బరువెక్కుతుందే తప్ప ప్రాణం రాదు. అంతకన్నా లోపలి స్వరాన్ని ఒక్కదాన్ని కదపడం మేలు. 1930ల చివర్లో ఏడు తీగల గిటార్ చేయించుకున్న అమెరికన్ జాజ్ గిటారిస్టు జార్జ్ వాన్ ఎప్స్ వాయింపులో పై స్వరం నిలిచి ఉండగా మధ్య స్వరాలు నడవడం శ్రద్ధగా వినదగినది. ఏడు, ఎనిమిది బార్లలో బాణీ జి మీద ఆగినప్పుడు ఒకటో తీగ మూడో ఫ్రెట్‌ను చిటికెన వేలితో పట్టి, ఆరో తీగను ఏమీ నొక్కకుండా మీటి, నాలుగో తీగ రెండో ఫ్రెట్‌లో ఇ, ఒకటో ఫ్రెట్‌లో డి షార్ప్, అదే తీగను వదిలేస్తే డి, ఆపైన అయిదో తీగ నాలుగో ఫ్రెట్‌లో సి షార్ప్ చొప్పున ఒక్కో బీట్‌కు దించండి. సి షార్ప్ దగ్గర చేయి కొంచెం చాచవలసి వస్తుంది. ఇక్కడ చిటికెన వేలు జి మీంచి లేస్తుందేమో ప్రత్యేకంగా గమనించండి. లేస్తే మూడు స్వరాలతోనే ఆపి, డి‌ని రెండు బీట్లు మోగనివ్వండి.