చిన్న సినిమాకు ఆర్‌ఆర్ ఎలా చేయాలి?

వైజాగ్‌లో ఉండి స్వతంత్ర సినిమాలకు ఆర్‌ఆర్ (రీరికార్డింగ్), అంటే నేపథ్య సంగీతం చేయాలనుకుంటే ముందే స్టూడియో కోసం వెతకొద్దు. ల్యాప్‌టాప్, ఆడియో ఇంటర్‌ఫేస్ (మైకును ల్యాప్‌టాప్‌కు కలిపే పెట్టె), మంచి హెడ్‌ఫోన్స్, చిన్న కీబోర్డు, ఒక కండెన్సర్ మైకు చాలు. సంగీతం చేసే సాఫ్ట్‌వేర్‌లో ప్రాజెక్టు 48 కిలోహెర్ట్జ్, 24 బిట్‌లో పెట్టుకోండి. సినిమా సెకనుకు 24 ఫ్రేములా, 25 ఫ్రేములా అన్నది ఎడిటర్‌ని అడగండి.

ఎడిట్ లాక్ అయిందని, అంటే ఇక కత్తిరింపులు ఉండవని డైరెక్టర్ చెబితే సరిపోదు, ఎడిటర్ చెప్పాలి. నా మొదటి సినిమాకు నేనిది అడగలేదు. ఆర్‌ఆర్ పూర్తయ్యాక రెండో రీల్‌లో పదకొండు సెకన్లు తీసేశారు. అక్కణ్ణుంచి ప్రతి బిట్టూ (సంగీతం ముక్క) పక్కకు జరిగిపోయింది.

అసలు కష్టం సంగీతం ఎక్కడ మొదలుపెట్టాలి, ఎక్కడ ఆపాలి అన్నదే. ట్యూన్ బాగా కట్టగలిగినవాళ్లు కూడా ఇక్కడే సీను పాడుచేస్తున్నారు. డైరెక్టర్ పక్కన కూర్చుని, టైమ్‌కోడ్ (గంట, నిమిషం, సెకను, ఫ్రేము లెక్క) కనిపించే వీడియోను ఆపుకుంటూ మొత్తం చూడండి. ఆ రోజు కీబోర్డు ముట్టుకోవద్దు. ఎడిటర్ తాత్కాలికంగా పెట్టిన రెఫరెన్స్ మ్యూజిక్ మ్యూట్ చేయించండి. అది ఒక్కసారి చెవిలో పడిందంటే మీ ట్యూన్ దాని చుట్టూనే తిరుగుతుంది.

ఫిషింగ్ హార్బర్‌లో ఒక తల్లి బోటు కోసం చూస్తోంది అనుకోండి. బోటు వచ్చింది, కొడుకు లేడు. ఆమె కళ్లలో నీళ్లు తిరగ్గానే అందరూ వయొలిన్లు ఎత్తుకుంటారు. దయచేసి అలా చేయొద్దు. అక్కడ ఇంజను శబ్దం, కాకుల గోల, ఐసు పగలగొట్టే చప్పుడు ఉన్నాయి, వాటిని వినపడనివ్వండి. ఇంజను ఆగాక రెండు సెకన్లు వదిలేయండి. ఆమె ఖాళీ గంప చంకన పెట్టుకుని వెనక్కి తిరిగినప్పుడు ఒకే స్వరం, సన్నగా. డైలాగ్ మీద సంగీతం ఎప్పుడూ మొదలుపెట్టకూడదు. ఆపేటప్పుడు టక్కున కోయకూడదు, తర్వాతి షాట్‌లోని అల కిందకో ఆటో చప్పుడు కిందకో జారిపోవాలి.

ప్రతి బిట్టుకూ టైమ్‌కోడ్ పక్కనే అది ఎందుకుందో ఒక్క వాక్యం రాయండి. రాయలేకపోతే తీసేయండి. గంటన్నర సినిమాకు 35 నిమిషాల సంగీతం దాటకూడదు.

కథ ఉత్తరాంధ్రది అయితే లైబ్రరీ డ్రమ్స్ (సాఫ్ట్‌వేర్‌లో రెడీమేడ్‌గా దొరికే డ్రమ్ శబ్దాలు) వద్దే వద్దు. జముకు (తీగ ఉన్న జానపద వాయిద్యం) వాయించేవాళ్లను, తప్పెటగుళ్ల కళాకారులను పిలిచి రికార్డు చేయండి. జముకు తీగ బిగించి వదిలినప్పుడు స్వరం సాగే తీరు ఏ ప్లగిన్‌లోనూ రాదు. వాళ్ల డబ్బు ఆ రోజే ఇచ్చేయండి.

మిక్సింగ్‌కి తాళం, తీగ వాయిద్యాలు, గొంతు వేరువేరు ట్రాకులుగా ఇవ్వాలి. ఒప్పందం మాత్రం పని మొదలుకాకముందే కాగితం మీద ఉండాలి. థియేటర్ ప్రదర్శన కాకుండా ఇతర చోట్ల వాడినందుకు వచ్చే రాయల్టీలో మీ వాటా వదులుకున్నట్టు రాయించుకున్నా, 2012 కాపీరైట్ సవరణ ప్రకారం అది చెల్లదు. ఐపీఆర్‌ఎస్‌లో (రాయల్టీలు వసూలు చేసి రచయితలకు, సంగీతకారులకు పంచే సంస్థ) సభ్యులుగా చేరి, ఈ సినిమా సంగీతాన్ని అక్కడ నమోదు చేయించండి.